ఎదురుబండి

ప్లేనోలో మా అక్క ఇంటి మెట్ల పక్కన పట్టా మీద జరిగే కుర్చీని నిన్న మనుషులొచ్చి ఊడదీసుకెళ్ళారు. అక్క ఇల్లు ఖాళీ చేసి అపార్ట్‌మెంట్‌కి మారుతోంది. కార్పెట్‌లో బోల్టుల కన్నాలు మిగిలాయి. కాళ్ళు పట్టు తప్పాక బావగారు మేడ మీది ఆఫీసు గదికి ఎక్కలేకపోతున్నారని అక్క దాన్ని పెట్టించింది. ఆయన దాన్ని ఎగాదిగా చూసి, "బ్యాటరీతో నడిచేదీ ఒక బండేనా? దీనికి ఎదురుబండేదీ?" అని పెదవి విరిచారు. ఎక్కడం మాత్రం మానలేదు. మానితే కుదిరే రోజులు కావవి.

ఎదురుబండి ఆయన కల్పించుకున్న మాట. అమెరికా రాకముందు కొన్నేళ్ళు ఇంగ్లండ్‌లో పనిచేశారు. తోటివాళ్ళంతా లండన్‌లో కోటల ముందు ఫొటోలు దిగుతుంటే, ఈయన శనివారం వస్తే చాలు, సముద్రపు ఒడ్డున కొండచరియల మీద నడిచే బుల్లి రైళ్ళను వెతుక్కుంటూ పోయేవారు. క్లిఫ్ రైల్వేలంటారట. పూర్వం లిన్‌మత్, సాల్ట్‌బర్న్ లాంటి ఊళ్ళకు సెలవులకు వచ్చే దొరలూ దొరసానులూ గట్టు ఎక్కలేక ఆయాసపడుతుంటే వేశారు. ఒకే తాడుకి రెండు పెట్టెలు, గిలకబావిలో రెండు చేదల్లాగా. పై పెట్టె అడుగున తొట్టిలో నీళ్ళు నింపుతారు. అది బరువుకి దిగుతుంటే కిందిది పైకి లేస్తుంది. కిందికి చేరాక నీళ్ళు వదిలేస్తారు, ఇక ఎక్కే వంతు దానిది. ఎదురుగా వచ్చే ఆ రెండో పెట్టే ఎదురుబండి. తర్వాత కొన్ని మూతపడ్డాయి, కొన్నిటికి మోటార్లు పెట్టారు. బ్రిడ్జ్‌నార్త్‌లో నీళ్ళు తీసేసి కరెంటు పెట్టిన సంగతి, ఎవరో దగ్గరివాళ్ళు పోయినట్టు చెప్పేవారు. పార్టీల్లో ఏ పిల్లాడైనా మర్యాదకి "యూకేలో ఏం చేసేవారు అంకుల్?" అన్నాడా, వాడి ప్లేటులో బిర్యానీ చల్లారిపోవలసిందే. మా పెద్దత్త అయితే ఆయనది రైల్వే ఉద్యోగమనే ఇప్పటికీ అనుకుంటోంది.

ఆ మనిషికి నరాల జబ్బు అని తేలింది. ముందు కాళ్ళూ చేతులూ, తర్వాత మాట, చివరికి ఊపిరి. మందు లేదన్నాడు డాక్టరు. ఏడవడానికి కూడా వీసా అడ్డొచ్చింది. బావగారు హెచ్‌వన్ మీద ఉన్నారు. గ్రీన్‌కార్డు క్యూ కదిలేది కాదు. అక్కా, ఇద్దరు పిల్లలూ ఆయన మీద డిపెండెంట్లు. ఆయన ఉద్యోగం మానినా, ఆయనే పోయినా, హైస్కూల్ చదువులు మధ్యలో వదిలేసి ముగ్గురూ దేశం దాటాలి. అక్కకి సొంతంగా హెచ్‌వన్ వచ్చేదాకా ఆయన పని మానడానికి వీల్లేదు, పోవడానికీ వీల్లేదు.

"సింపుల్ అమ్మా. మీ అక్క ఎక్కితేగానీ నేను దిగకూడదు. తొందరపడి బ్రేక్ వదిలానో, అందరం సముద్రంలోకే," అన్నారు నాతో. అని నవ్వారు కూడా. నాకు ఆయన మీద ఒళ్ళు మండింది, ఆయన ముందే ఏడ్చేశాను.

అక్క టెస్టింగ్ కోర్సు చేసి ఉద్యోగం వెతుక్కుంది. మొదటి ఏడాది హెచ్‌వన్ లాటరీలో పేరు రాలేదు. ఆ ఏడాది ఎలా గడిచిందో చెప్పమంటే నా వల్ల కాదు. బావగారి వేళ్ళు ఒక్కొక్కటే పనికిరాకుండా పోయాయి. మాట ముద్దయింది. మీటింగుల్లో కెమెరా ఆపేసి, మైకు సరిగా లేదని సర్దిచెప్పేవారు. ఆఫీసువాళ్ళు మంచివాళ్ళు, కొత్త మైకు పంపారు. అదీ సరిగా పనిచెయ్యలేదని చెప్పాల్సి వచ్చింది.

మరుసటి ఏడాది పేరు వచ్చింది. అక్టోబర్‌లో అక్క ఉద్యోగంలో చేరిన రోజే ఆయన రాజీనామా పంపేశారు. నేను వెళ్ళేసరికి ఏదో అంటున్నారు, నాకు అర్థం కాలేదు. అక్క విడమర్చి చెప్పింది: "నీళ్ళు వదిలేశాను, ఇక నేను మీ అక్కకి డిపెండెంట్‌ని అంటున్నారే." ఆయన మొహంలో అంత తృప్తి నేనెప్పుడూ చూడలేదు. నవంబర్‌లో వచ్చే థాంక్స్‌గివింగ్ దాటలేదు.

చావుకిచ్చిన సెలవు దహనానికే సరిపోయింది. పదకొండో రోజు హాల్లో పంతులుగారు మంత్రాలు చెబుతుంటే పెద్దవాడు పిండాలు పెడుతున్నాడు. అక్క వాడి వెనకాల, చెవిలో ఇయర్‌బడ్‌తో కూర్చుంది.

"ఈ ఒక్కరోజైనా తీసెయ్యవే," అన్నాను.

"కొత్త జాబ్ కదే. మ్యూట్‌లోనే ఉన్నాలే," అంది.

అంతలో ఎవరో పేరు పెట్టి పిలిచినట్టున్నారు. గబగబా వంటింట్లోకి వెళ్ళి మ్యూట్ తీసి, "ష్యూర్, ఐ కెన్ టేక్ దట్," అని, మళ్ళీ వచ్చి పిండాల ముందు కూర్చుంది. నా వైపు చూసి, "ఏడుద్దాంలేవే, తర్వాత," అంది.

రెండేళ్ళు కావస్తోంది. అక్క ఒక్కరోజు కూడా సెలవు పెట్టలేదు. ఎంతటి దుఃఖాన్నయినా కాలమే మాన్పుతుందంటారు, కానీ మా అక్కకి ఇంకా దుఃఖపడేందుకే కాలం దొరకలేదు.