కుడి స్పీకరులోని గొంతు

సముద్రం మధ్య దీవిలో, మా లంబాలైన్ సర్కారీ క్వార్టర్లో రెండు స్పీకర్ల టేప్ రికార్డరు ఉండేది. ఉప్పుగాలికి ఎడమ స్పీకరు తీగ తుప్పుపట్టి తెగింది. "ఒకటి పలుకుతోంది కదేటి, చాల్లే," అన్నాడు నాన్న. ఆఫీసులో ఫైళ్లు పరుగెత్తించే మనిషి, ఇంట్లో ఒక్క తీగ అతికించడానికి ఏడాది తీసుకున్నాడు.

ఆ ఏడాదే విశాఖ నుంచి ఓడలో ఒక క్యాసెట్ వచ్చింది. అందులోని పాప్ పాట అక్కడ అందరి నోటా ఆడుతోందట. మాకు తెలుగు రేడియో అందేది కాదు. మా వరకు పాటంటే కుడి స్పీకరే. అందులో ఒక ఆడగొంతు, వెనక సన్నగా గిటారు. చరణం ఎత్తుకునే ముందు ఆమె ఊపిరి పీల్చుకోవడం కూడా వినిపించేది. ఎందుకో పదాల చివర్లు మింగేసేది. నేనూ శ్రద్ధగా మింగడం నేర్చుకున్నాను.

తెలుగువాళ్ల వార్షికోత్సవంలో మా అమ్మాయి పాడుతోందని నాన్న అవతలి పేట బతు బస్తీ దాకా చాటింపు వేశాడు. తీరా స్టేజీ మీద రెండు లైన్లు పాడానో లేదో, హార్మోనియం ఆయన ఆగిపోయాడు.

"దీదీ, ఈ ధున్ కాదు. పాట వరస అలగ్ ఉంది."

జనం నవ్వారు. నాన్న తల దించుకున్నాడు. నాకు ఏడుపు కన్నా ముందు కోపం వచ్చింది. రాజు కన్నా మొండివాడు బలవంతుడంటారు. మళ్లీ అదే వరస ఎత్తుకున్నాను.

అప్పుడు ముందు వరుసలో, విశాఖ నుంచి కొత్తగా బదిలీ మీద వచ్చిన ఆస్పత్రి నర్సమ్మ, కూర్చున్నచోటే అసలు వరస అందుకుంది. రెండూ కలిసిపోయాయి. నేను మింగిన ప్రతిచోటా ఆమె మాట ఖంగున మోగింది. నేను నేర్చుకున్నది పాటకు తోడుగా పాడిన రెండో గొంతని, అసలు గొంతు తీగ తెగిన ఎడమ స్పీకరులో ఉండిపోయిందని అప్పుడు తెలిసింది. పక్కావిడ మాట నిలబడాలని తన మాట తగ్గించుకున్న గొంతు అది. అంత సంస్కారం మరే పాటలోనూ నేను వినలేదు. క్యాసెట్ అట్ట మీద మాత్రం ఆమె పేరు లేదు.

మర్నాడే నాన్న తీగ అతికించాడు. పాట మొత్తం మొదటిసారి విన్నాం. చాలా బాగుంది. కానీ ఎంత వెతికినా అందులో కుడి స్పీకరులోని ఆమె నాకు దొరకలేదు. దిగులేసింది.

నాన్న నా మొహం చూశాడు. లేచి, తాను అతికించిన తీగను తానే పీకేశాడు.

"ఇప్పుడు నీది విందాం, అమ్మా," అన్నాడు.