పాతవీధిలో నేను చూపించిన చరిత్ర

నేను చేసిన తెలివితక్కువ పనులు చాలానే ఉన్నాయి. వాటిలో చిల్లరవన్నీ పక్కనపెట్టి, పన్నెండుమంది ఉపాధ్యాయుల సాక్షిగా, పట్టపగలు, గొంతెత్తి మరీ చేసిన ఒక ఘనకార్యాన్ని ఇప్పుడు మీ ముందు పెడుతున్నాను. నవ్వుకోండి, నాకేం బాధ లేదు. మధ్యలో నవ్వు ఆగిపోతే మాత్రం నన్ను తిట్టుకోకండి. దీన్ని చివరిదాకా నవ్వుతూ చెప్పడం నాకే ఇంతవరకూ చేతకాలేదు.

డెబ్బైల చివర్లో మాట. నర్సీపట్నంలో సోషల్ మాస్టారుగా చేరిన కొత్త. ఎండాకాలం సెలవులకి ముందు ఒకసారి విశాఖపట్నం వెళ్తే, అక్కడ పాత వన్‌టౌనులో ఒక రిటైర్డు లెక్చరరుగారు పదిమందిని వెంటేసుకుని నడిపిస్తూ, ఇది ఫలానా కాలంనాటి చర్చి, ఇది దర్గా, ఈ మేడలో దొరలుండేవారు అని చెబుతున్నాడు. జనం నోళ్ళు తెరుచుకుని వింటున్నారు. నా క్లాసులో పిల్లలు నోరు తెరిచేది ఆవలించడానికే. ఆ తేడా చూసేసరికి నాకు ఒళ్ళు మండిపోయింది. మా నర్సీపట్నానికి ఏం తక్కువ అనుకున్నాను.

నిజంగా తక్కువేం కాదు. బజారు వెనక పాతవీధి ఉంది. మొదట్లో పరుపులు కుట్టే సాయిబుల ఇళ్ళు, వాళ్ళ పక్కన మార్వాడీ సేటు బట్టలకొట్టు, ఎదురుగా ఒడియా మిఠాయి దుకాణం, కాస్త ముందుకెళ్తే గుమ్మం మీద శిలువ ఉన్న ఆస్పత్రి నర్సమ్మగారి పెంకుటిల్లు. సంతరోజున కొయ్యూరు కొండల మీంచి దిగినవాళ్ళు విస్తళ్ళు కుట్టే అడ్డాకుల మోపులు, చింతపండు బుట్టలు దింపుకుని ఆ అరుగుల మీదే సేదదీరేవారు. వీధి చివర పళనిగారి కాఫీ హోటలు, దాని వెనకగదుల్లోనే ఆయన ఇల్లు. ఇన్ని రకాల మనుషులు ఒకే నూతినీళ్ళు తాగే వీధి ఇంకెక్కడుంది చెప్పండి? ఒక్కటే చిక్కు. ఆ వీధికి చరిత్ర ఉందని నాకు తెలుసుగానీ, ఆ చరిత్ర ఏమిటో తెలీదు. తెలియనిచోటల్లా సొంతంగా కల్పించుకున్నాను.

పళనిగారి విషయంలో ఆ అవసరం రాలేదు. సెలవులకి ముందే ఆయన హోటల్లో కూర్చుని కథంతా చెప్పించుకున్నాను. కుర్రతనంలో కావేరి ఒడ్డునుంచి అడవి కాంట్రాక్టర్లకి వంటవాడిగా వచ్చి, మన్యం జ్వరానికి భయపడి కిందికి దిగి, ఇక్కడ పొయ్యి పెట్టాడట. రావికమతం దగ్గర పల్లెనుంచి బెల్లం బళ్ళతో వచ్చే రైతుల ఇంటి ఆడపిల్ల అప్పలనరసమ్మగారిని పెళ్ళి చేసుకున్నాడు. "నా కాఫీ తాగి ఇల్లు వదిలి వచ్చేసింది సార్" అని ఆయన పడీపడీ నవ్వాడు. ఆవిడ లోపల్నుంచి ఏదో విసుక్కుంది. పిల్లల్లేరు. నాది కూడా రావికమతమే అనేసరికి ఆవిడ తలుపు సందులోంచి ఒకసారి చూసి వెళ్ళిపోయింది. సెలవులయ్యాక పదిమందిని తీసుకొస్తాను, కాఫీ పొయ్యాలి అన్నాను. "వందమందిని తీసుకురండి సార్" అన్నాడాయన.

సెలవులయ్యాయి. నేను ఊరినుంచి శనివారం సాయంత్రమే దిగాను, పాతవీధివైపు ఇంకా వెళ్ళలేదు. చుట్టుపక్కల ఊళ్ళ టీచర్లకి మా ఊళ్ళో శిక్షణ తరగతులు పెట్టారు. ఆదివారం వాళ్ళకి తోచక లాడ్జి వరండాలో కూర్చుంటే, నేను వల వేసి పట్టుకొచ్చాను. వాళ్ళలో పెద్దావిడ రాజ్యలక్ష్మిగారు. అనకాపల్లి హెడ్‌మిస్ట్రెస్. ఆవిడ కళ్ళజోడు పైనుంచి చూస్తే చాక్‌పీసు కూడా సరిగ్గా నిలబడేది.

యాత్ర మొదలైంది. వీధి మొదట్లో సాయిబుగారి నూతి దగ్గర అందరినీ నిలబెట్టి, ఈ నూతిలోంచి ఊరవతల బలిఘట్టం గుడిదాకా సొరంగం ఉందని, పూర్వం రాజులు గుర్రాల మీద దాంట్లోంచి వెళ్ళేవారని చెప్పాను. పక్కనే దూది ఏకుతున్న ముసలి సాయిబుగారు పని ఆపి, నూతిలోకి తొంగిచూశాడు. తాను పుట్టినప్పట్నుంచీ నీళ్ళు తోడుకుంటున్న నూతిలో గుర్రాలుండేవని ఆయనకి అప్పుడే తెలిసింది. అయినా పెద్దమనిషి. "మాస్టారు సెప్తే ఉంటాదిలెండి" అన్నాడు.

తరవాత ఎక్కడికని అడిగాడు. అందరం పళనిగారి ఇంటికని చెప్పాను. ఆయన ముఖం చిన్నబోయింది.

"ఎల్లండి బాబూ, తప్పకుండా ఎల్లాలి. శానా మంచోడు."

చూశారా, ఈ వీధిలో ఒక మతంవాళ్ళంటే ఇంకొకరికి ఎంత గౌరవమో అని నా బృందానికి ఒక చిన్న ఉపన్యాసం ఇచ్చి, జయజయధ్వానాల్లేని సేనానిలా ముందుకి నడిచాను.

పళనిగారి తలుపులు బార్లా తెరిచి ఉన్నాయి. పొయ్యి వెలగడం లేదు. బెంచీలన్నీ గోడకి చేర్చేసి, నేల మీద చాపలు పరిచారు. మూల ఒక దీపం, దాని పక్కన గ్లాసుతో నీళ్ళు. ఇంతవరకూ చదివినవాళ్ళలో చిన్నపిల్లలు తప్ప అందరికీ సంగతి అర్థమైపోయి ఉంటుంది. బి.ఎడ్. ఫస్టు క్లాసులో పాసైన నాకు అర్థం కాలేదు. అరుగు మీద నిలబడి మొదలుపెట్టాను. కావేరి ఒడ్డు చెప్పాను. మన్యం జ్వరం చెప్పాను. మా రావికమతం ఆడపడుచు ఈ ఇంటికి దీపం పెట్టిందని చెప్పాను. మూలనున్న దీపాన్ని చూపించి, పగలు కూడా దీపం పెట్టడం తమిళుల సంప్రదాయం అన్నాను.

"ఈ ఇంటి యజమాని పళనిగారు మనకోసం ఇప్పుడు లోపల స్వయంగా కాఫీ కలుపుతున్నారు."

ఎవరూ కదల్లేదు. నా వాక్చాతుర్యానికి మంత్రముగ్ధులైపోయారనుకున్నాను. రాజ్యలక్ష్మిగారు నెమ్మదిగా చెప్పులు విప్పి, తల వంచుకుని లోపలికెళ్ళి చాప మీద కూర్చుంది. ఆవిడ వెనకే మిగతావాళ్ళూ వెళ్ళారు. ఇంట్లోంచి రండి అన్నవాళ్ళు లేరు. ఆవిడ నా వంక చూసి కళ్ళతో ఏదో చెబుతోంది. కాఫీ ఆలస్యమవుతోందని కంగారు పడుతోందనుకుని, చెయ్యెత్తి అభయమిచ్చాను.

అప్పలనరసమ్మగారు గోడకి ఆనుకుని కూర్చుని ఉంది. నన్ను గుర్తుపట్టింది.

"రావికమతం బాబువి కదూ. మా అన్నలు పంపారా?"

మర్యాదకి అడిగిందనుకున్నాను. ఆవిడ అన్నలెవరో నాకు తెలీదు. కానీ ఎదురుగా శ్రోతలున్నప్పుడు లేదు అనే మాట నా నోటికి రాదు.

"అన్నలేంటండీ, ఊరు ఊరంతా పంపింది" అన్నాను.

ఆవిడ కొంగు ముఖానికి అడ్డం పెట్టుకుని ఏడ్చింది. ఊళ్ళో తన పేరు ఇంత మోగుతోందని ఆనందబాష్పాలనుకున్నాను. ఎంతసేపటికీ కాఫీ రాలేదు. ఇక బాగుండదని లేచి, చేతులు జోడించి, గట్టిగా చెప్పాను.

"వెళ్ళొస్తామండీ. ఏడాదికోసారి ఇలాగే ఈ ఇంటికి వస్తూ ఉంటాం."

చావు ఇంట్లో రండి అనరు, వెళ్ళొస్తాం అనరు. ఊరికే వస్తాం, ఊరికే లేచి వెళ్తాం. నడవడం వచ్చిన ప్రతివాడికీ ఇది తెలుసు. నేను ఏటా వస్తానని మాటిచ్చాను. పక్కనున్న లెక్కల మాస్టారు నోటికి రుమాలు అడ్డం పెట్టుకున్నాడు. నవ్వాపుకోవడానికో ఏడుపాపుకోవడానికో ఇప్పటికీ తెలీదు.

అప్పలనరసమ్మగారు కొంగు తీసింది.

"ఒచ్చినోళ్ళందరూ ఆయన పోయాడనే అంటన్నారు బాబూ. నువ్వొక్కడివే లోపల కాఫీ కలుపుతున్నాడన్నావు. నాకు నిజంగానే సప్పుడు ఇనబడినట్టయింది. ఎల్లుండి పెద్దకార్యం. సీర తెమ్మని మా అన్నకి సెప్పు."

అప్పుడర్థమైంది. కాఫీ పోస్తానన్న మనిషి లేడు. ఆయన ఇంట్లో నిలబడి ఆయన చేతి కాఫీ కోసం నేను ఎదురుచూశాను.

బయటికొచ్చాక రాజ్యలక్ష్మిగారు నన్ను పదిమందిలో తిట్టలేదు. సందు మలుపుదాకా ఓపిక పట్టి, అప్పుడు తిట్టింది. ఆ తిట్లు రాయను. చివరి ముక్క మాత్రం చెబుతాను.

"మొగుడు పోయిన ఆడదానికి ఆ రోజు పుట్టింటివాళ్ళు చీర పెట్టాలయ్యా. పెట్టకపోతే, ఆవిడకి ఇక ఎవరూ లేరని పదిమందిలో చాటినట్టే. నువ్వు ఊరంతా పంపిందన్నావు. ఇప్పుడావిడ గుమ్మంవైపు చూస్తూ కూర్చుంటుంది. నువ్వే వెళ్ళి వాళ్ళ కాళ్ళు పట్టుకుంటావో ఏం చేస్తావో చెయ్యి."

మర్నాడు బేగి లేచి మొదటి బస్సెక్కాను. ఆవిడ పల్లెలో నలుగురినీ అడిగి వెళ్తే, పెద్దన్న చెరకుతోటలో ఉన్నాడు. ముసలివాడు. నేను చెప్పిందంతా వింటూ గట్టున కూర్చుని కత్తి నూరుకుంటున్నాడు. నా జీవితంలో అతిశయోక్తి లేకుండా మాట్లాడింది ఆ ఒక్కరోజే. పళనిగారు పోయారు, మీ చెల్లెలు ఒంటరిగా ఉంది, రేపే పెద్దకార్యం. ఇంతే చెప్పాను.

"ఆ పిల్లకి మేం ఎప్పుడో నీళ్ళొదిలేశాం బాబూ. పోయినోళ్ళకి సీర ఏటి?"

అంతే అన్నాడు. గొంతు పెంచలేదు. మంచినీళ్ళు తాగి వెళ్ళమని చెంబు ఇచ్చాడు. తాగకుండానే చెంబు గట్టున పెట్టి బయల్దేరాను. వెనక్కి తిరిగి చూస్తే, అతను కత్తి పక్కన పెట్టి ఊరికే కూర్చుని ఉన్నాడు. వెళ్ళి మళ్ళీ అడగవలసింది. అడగలేదు. ఆ సంగతి తలుచుకుంటే ఇప్పటికీ మనసు చివుక్కుమంటుంది.

నర్సీపట్నంలో దిగేసరికి సేటు కొట్టు కట్టేస్తున్నాడు. అడ్డం పడ్డాను. అప్పటికి నేను ఎవరికీ చీర కొని ఎరగను. చూపించిన పదింటిలో అన్నిటికన్నా ధగధగలాడేది గౌరవంగా ఉంటుందనుకుని తీసుకున్నాను. రాణి రంగు చీర, చిలకపచ్చ అంచు, కొంగు నిండా జరీ నెమళ్ళు. పెళ్ళెప్పుడని సేటు సంతోషంగా అడిగాడు. నేను తల వంచుకుని డబ్బు లెక్కపెడుతుంటే సిగ్గనుకున్నాడు.

పెద్దకార్యం రోజు శిక్షణకొచ్చినవాళ్ళలో సగంమంది ఊళ్ళకి వెళ్ళిపోయారు. రాజ్యలక్ష్మిగారు బస్సు వదులుకుని, మిగిలినవాళ్ళని వెంటేసుకొచ్చింది. నా చేతిలో పొట్లం విప్పి చూసి, ఆవిడ కళ్ళజోడు తీసేసి నుదురు పట్టుకుంది. మార్చే వ్యవధి లేదు. పళనిగారి మేనల్లుడొకడు తంతి అందుకుని వచ్చి కార్యం జరిపించాడు. అప్పలనరసమ్మగారిని పీట మీద కూర్చోబెట్టి, పుట్టింటివాళ్ళు రండి అని పిలిచారు. సాయిబుగారు, నర్సమ్మగారు, మిఠాయి దుకాణం ఒడియా ఆయన అందరూ గుమ్మందగ్గర నిలబడి నావైపే చూస్తున్నారు. నేను వెళ్ళి చీర ఆవిడ ఒళ్ళో పెట్టాను.

"మీ పెద్దన్నగారు పంపారండీ. ఒంట్లో బాగోక రాలేకపోయారు."

ఆవిడ మడత విప్పింది. నెమళ్ళన్నీ ఒక్కసారి బయటపడ్డాయి. వెనక ఆడవాళ్ళలో గుసగుసలు మొదలయ్యాయి. ఆవిడ ఒక నెమలి మీద వేలు పెట్టి, చాలాసేపు చూసింది. నవ్వుకీ ఏడుపుకీ మధ్య ఆగిపోయిన ముఖం.

"మా అన్న ఏనాడూ ఇలాటి సీర కొనడు బాబూ" అంది నాకు మాత్రమే వినబడేలా. "ఏటన్నాడో నాకు సెప్పకు."

అని, అందరికీ వినబడేలా గొంతు పెంచింది.

"మా పెద్దన్న పంపాడు. సూడండి."

ఆ చీర భుజాన వేసుకుని ఆ రోజంతా అలాగే కూర్చుంది.

తరవాత హోటలు ఆవిడే నడిపింది. నిజం చెబుతున్నాను, ఆ కాఫీ నోట్లో పెట్టలేం. ఎనభైల్లో నాకు బదిలీ అయ్యేదాకా రోజూ తాగాను. ఇందుమూలంగా పాఠకుల సమక్షంలో ప్రమాణం చేస్తున్నాను. ఏ ఊళ్ళోనూ, ఏ వీధిలోనూ, ఎవరి ఇంటి ముందూ నిలబడి లేనిపోని కథలు చెప్పను. సొరంగాలు తవ్వను. గుర్రాలు తోలను. ఈ ప్రమాణం ఇన్నేళ్ళూ నిష్ఠగా పాటించాను, ఒక్కరి దగ్గర తప్ప. ఊరికెళ్ళి వచ్చినప్పుడల్లా అప్పలనరసమ్మగారు గ్లాసు నా ముందు పెట్టి, మా పెద్దన్న కనబడ్డాడా అని అడిగేది. కనబడ్డారండీ, మిమ్మల్నే అడిగారు అనేవాణ్ణి. అబద్ధమని ఆవిడకి తెలుసు, తెలుసని నాకు తెలుసు.

"ఏటని అడిగాడో సెప్పు" అని ఎదురుగా బెంచీ మీద కూర్చునేది.