ఎల్లవ్వ ముఖం

బొటనవేలి గోరంత బంగారు బిళ్ల. దాని బరువు ఎంతో నాకు తెలుసు, తూకం వేయించాను కాబట్టి. అది ఇన్నేళ్ళుగా నా గుండెల మీద మోపిన బరువు మాత్రం చెప్పలేను. ఇంట్లో వాళ్ళకు తెలియదు. నా దగ్గర చదువుకున్నవాళ్ళకు తెలియదు. మీకు చెబుతున్నాను. మీరెవరో నాకు తెలియదు, నా పేరు మీకు చెప్పను. ఇది కూడా పిరికివాడు చేసుకున్న ఏర్పాటే. ఇంతకంటే ధైర్యం నాకు లేదు. ఉంటే అప్పుడే చెప్పి ఉండేవాణ్ణి.

డెబ్బైల నడిమి మాట. హనుమకొండలో ఒక కాలేజీలో చరిత్ర చెప్పేవాణ్ణి. మాది వరంగల్ బజారులో ఇత్తడి సామాన్ల దుకాణం. నేను దుకాణంలో కూర్చోవాలని మా నాన్న కోరిక. నాకేమో రోమ్ పిచ్చి. నవ్వకండి. హైదరాబాదు కూడా సరిగ్గా చూడనివాణ్ణి, రోమ్ నగరంలో ఏ వీధి ఎటు తిరుగుతుందో పటం చూడకుండా చెప్పేవాణ్ణి. డాక్టరేటుకు ఎంచుకున్న విషయం కూడా అదే, రోమ్ సామ్రాజ్య ప్రభావం మన దక్కన్ జనం మీద ఎలా పడిందని. మన బట్టకూ పూసలకూ బదులుగా వాళ్ళ బంగారు నాణేలు ఓడల్లో వచ్చేవి. వాటిని మనవాళ్ళు మెడలో కూడా వేసుకున్నారు. బంగారం అందనివాళ్ళు మట్టితో అచ్చు పోసుకుని, బెజ్జం పెట్టి, ఆ రాజు మొహాన్నే తాడుకు కట్టుకున్నారు. కంటితో చూడని రాజు. పేరైనా తెలియని రాజు. అంత దూరపు రాజ్యం మన మెడల దాకా వచ్చిందంటే దాని శక్తి ఎంతటిదో చూడండని క్లాసులో మైమరచి చెప్పేవాణ్ణి.

ధర్మసాగర్ అవతల ఒక ఊళ్ళో పాటిగడ్డ ఉందని విని వెళ్ళాను. పాటిగడ్డంటే ఎప్పుడో జనం బతికి వెళ్ళిపోయిన దిబ్బ. ఆ మన్ను పొలానికి బలమని రైతులు బండ్లకెత్తుకుపోతారు. అలా మన్ను తోలుకునే కొమురయ్య అనే రైతు నన్ను ఎండలో చూసి తన ఇంటికి తీసుకెళ్ళాడు. అతని భార్య రాజవ్వ మంచినీళ్ళు తెచ్చి ఇచ్చింది. చెంబు అందుకుంటూ ఆమె మెడలో బిళ్ల చూశాను. నీళ్ళు తాగడం మరచిపోయాను. ఆడమనిషి మెడవైపు అలా చూడకూడదని కూడా తోచలేదు. నడినెత్తిన కొప్పు చుట్టుకున్న ఒక స్త్రీ మొహం, చుట్టూ అరిగిపోయిన అక్షరాలు. రోమ్ రాణి. నేను పుస్తకాల్లో బొమ్మగా మాత్రమే చూసిన నాణెం, పసుపు పూసుకుని, పుస్తెల పక్కన వేలాడుతోంది.

దాన్ని ఆ ఇంట్లో సవతి బిళ్ల అనేవాళ్ళు. మొదటి భార్య పోయాక ఇంటికి వచ్చిన రెండో భార్య, పోయినామె మొహాన్ని మెడలో కట్టుకోవాలి. కొత్త చీర కట్టినా, పండగకు ఏం వండినా ముందు ఆమెకు చూపించాలి. లేకపోతే ఆమె అలుగుతుందని, పిల్లలకు జబ్బు చేస్తుందని భయం. మామూలుగా అయితే కంసాలి చేత రేకు మీద ఒక మొహం కొట్టిస్తారు. కొమురయ్య మొదటి భార్య ఎల్లవ్వ ఒక ఆడపిల్లను కని కాన్పులోనే పోయింది. అంతకుముందెప్పుడో అతని తండ్రికి పాటిమన్నులో ఈ నాణెం దొరికి ఇంట్లో ఉంది. పెద్ద ముసలమ్మలు చూసి, కొప్పు అదే, బుగ్గ అదే, అచ్చం మన ఎల్లవ్వే అన్నారట. కొక్కెం అతికించి రాజవ్వ మెడలో కట్టారు. రాజవ్వకు తన కడుపున పిల్లలు లేరు. ఎల్లవ్వ కూతురే ఆమెకు లోకం. ఆ పిల్ల ఆమె కొంగు పట్టుకునే తిరిగేది.

మీకొక మాట చెప్పాలి. వాళ్ళకు చెప్పకుండా దాచింది. ఆ రాణి చనిపోయాక, చక్రవర్తి ఆమెను దేవతను చేసి, ఆమె జ్ఞాపకంగా కొట్టించిన నాణెం అది. పోయిన భార్య కోసం ఒక మగవాడు వేయించిన మొహం. ఆ ముసలమ్మలకు రోమ్ గురించి ఏమీ తెలియదు, అయినా ఆ బిళ్లను సరిగ్గా అది పుట్టిన పనికే పెట్టారు. ఆ క్షణంలోనే నాకిది తట్టింది. తట్టినవాణ్ణి దండం పెట్టి లేచి రావాల్సింది. నాకు కనపడింది వేరు. రోజూ పూసే పసుపుకూ, తోమే వేళ్ళకూ రాణి ముక్కు అరిగిపోతోంది. ఇంకొన్నాళ్ళకు ఏమీ మిగలదు. దీని విలువ తెలిసినవాడి చేతిలో కదా ఇది ఉండాల్సింది అనుకున్నాను. నిజంగా కాపాడాలనే అనుకున్నానా, కావాలనుకున్నానా? అప్పుడు నన్ను నేను అడగలేదు. ఇప్పుడు అడిగితే, జవాబు ఒక్కటే వస్తోంది. కావాలనుకున్నాను.

ఫోటో తీసుకుని తెచ్చిస్తానన్నాను. రాజవ్వ ఒప్పుకోలేదు. మెడలో నుంచి ఎన్నడూ తీయలేదని, తీస్తే అక్క, అదే ఎల్లవ్వ, అలుగుతుందని అంది. కొమురయ్య ఆమెను కసిరాడు. పెద్ద చదువు చదివిన సారు అడుగుతుంటే కాదంటావా అన్నాడు. ఆమె తీసింది. కళ్ళకద్దుకుని, పాత చీర పేలికలో చుట్టి, నాకివ్వబోయి ఆగి, దానితో మెల్లగా మాట్లాడింది.

“పోయిరా అక్కా.”

ఆ మాట విని నేను లోపల నవ్వుకున్నాను. దీన్ని కూడా ఒప్పుకోవాలి కదా.

ఫోటో తీశాను. తర్వాత బజారులో మాకు తెలిసిన కంసాలి దగ్గరికి వెళ్ళి, అలాంటిదే ఇంకొకటి కావాలన్నాను. నా ఉంగరం, ఇంకొంత బంగారం ఇచ్చాను. బరువు తేడా రాకూడదన్నాను. బంగారానికి బంగారం ఇస్తున్నప్పుడు దొంగతనం ఎలా అవుతుందని నాకు నేనే వకీలునయ్యాను. అతను అచ్చు తీసి పోశాడు. మొహం చదునుగా పడిందని చిన్న ఉలితో దిద్దాడు. ఊళ్ళకు అమ్మవారి మొహాలు, సవతి మొహాలు చేసి చేసి అలవాటైన చెయ్యి అది. దిద్దుతూ దిద్దుతూ కళ్ళు పెద్దవి చేశాడు, మూతి కొంచెం బిగించాడు. తేడా నాకు కనపడింది. పల్లెటూరి మనిషి, ఆమెకేం తెలుస్తుంది అనుకున్నాను. పాత కొక్కెం తీసి కొత్తదానికి అతికించాం, పసుపు రుద్దాం. తీసుకెళ్ళి ఇచ్చాను. కొమురయ్య చేతిలోనే పెట్టాను, రాజవ్వ వైపు చూడలేదు.

ఆ వారంలోనే పిల్లకు జ్వరం పట్టుకుంది. జ్వరం తగ్గాలని అక్కకు మొక్కుకోవడానికి రాజవ్వ బిళ్ల మీది పసుపు కడిగి, చేతిలోకి తీసుకుని చూసిందట. చూసి, పసుపు పెట్టనంది. ఇది మా అక్క కాదు, ముఖం మారిందంది. అత్త శాపనార్థాలు పెట్టింది. బిడ్డ మూలుగుతుంటే సవతికి మొక్కనంటుంది, పిల్ల చావాలనే కదా అని ఊరంతా వినేలా అరిచింది. ఆ ఊరి కంసాలిని పిలిపించి గీటురాయి మీద గీయించారు. బంగారం మేలిమిదే. తూచారు. బరువు సరిపోయింది. ఇక మిగిలింది నేనే. కొమురయ్య నాకు కబురు పంపాడు. వెళ్ళకపోతే అనుమానం వస్తుందని వెళ్ళాను.

వాళ్ళ ఇంటి ముందు మంచాల మీద పెద్దమనుషులు కూర్చున్నారు. నాకు కుర్చీ వేశారు. రాజవ్వ గోడ వారగా నిలబడి ఉంది. దడి చాటున జ్వరంతో ఉన్న పిల్ల దగ్గు వినిపిస్తోంది.

“సారూ, మీరు సదువుకున్నోళ్ళు,” అన్నాడు కొమురయ్య. “మీరు కొంటవోయింది, తెచ్చిచ్చింది ఒక్కటేనా? ఒక్క మాట చెప్పుండ్రి. మీ మాట మీదనే ఉంట.”

“ఒక్కటే,” అన్నాను.

రాజవ్వ అప్పుడు నావైపు తిరిగింది. ఆమె కళ్ళలో నామీద అనుమానం లేదు. అది ఉన్నా బాగుండేది.

“సారూ, మీరు ఫోటువ తీసిండ్రు గద. జర ఆ ఫోటువ తెచ్చి చూపియ్యుండ్రి. మా అక్క ముఖం ఎట్లుండెనో వీళ్ళకు ఎరుకైతది. నేను అబద్ధం చెప్తలేను సారూ.”

ఫోటో నా సంచీలోనే ఉంది. ఒక్కసారి చెయ్యి పెడితే చాలు. పెట్టలేదు.

“రీలు ఖరాబైంది రాజవ్వా. ఫోటో రాలేదు,” అన్నాను.

పెద్దమనుషుల్లో ఒకాయన, ఆమె తలకు ఏదో తగులుకుందని, కొన్నాళ్ళు పుట్టింట ఉండడం మంచిదని అన్నాడు. కొన్నాళ్ళన్నది మాట వరసకే. అందరికీ తెలుసు. అత్త ఆమె మెడలోంచి బిళ్ల తీసుకుంది. లోపల నుంచి పిల్ల తల్లిని అవ్వా అవ్వా అని పిలుస్తుంటే రాజవ్వ అటు ఒక అడుగు వేసింది. కొమురయ్య అడ్డం నిలబడ్డాడు. నేను బస్సుకు టైమవుతోందని లేచాను. ఇంతకంటే నీచమైన మాట నా జీవితంలో అనలేదు, ఎవరూ నన్ను ఆపలేదు కూడా.

పిల్ల బతికింది. జ్వరం దానంతట అదే తగ్గింది. రాజవ్వ వెళ్ళిపోయింది కాబట్టే తగ్గిందని ఊరు నమ్మింది.

నాకు డాక్టరేటు వచ్చింది. ఖరాబైందన్న రీలులోని ఫోటో నా పుస్తకంలో అచ్చయింది, పాటిమన్నులో ఒక రైతుకు దొరికిన నాణెమని కింద రాశాను. ఎవరి మెడలోదో రాయలేదు. రోమ్ ఈ ప్రాంతపు జనం మీద ఎంత ప్రభావం చూపిందో వివరిస్తూ ఒక అధ్యాయం నింపాను. ఇప్పుడు ఆలోచిస్తే ఒళ్ళు మండుతుంది. ఏ ప్రభావం? ఆ ఇంటివాళ్ళు రోమ్ రాణిని తీసుకుని ఎల్లవ్వను చేసుకున్నారు. కొత్త చీరలు చూపించారు, వండింది పెట్టారు, అక్కా అని పిలిచారు. రోమ్ వాళ్ళనేమీ చేయలేదు. రోమ్‌కు లొంగిపోయింది నేను. ఎక్కడో కూలిపోయిన రాజ్యం మోజులో పడి, నా జిల్లాలో నాకు మంచినీళ్ళిచ్చిన మనిషిని మనిషిగా చూడలేకపోయాను. పెద్దదాని ముందు చిన్నది ఎలా పోయినా పరవాలేదనుకున్నాను. సామ్రాజ్యాలు చేసే పనీ ఇదే కదా? ఏమో, ఇలా పెద్ద మాటలు అనుకోవడం కూడా తప్పును పలచన చేసుకోవడానికేనేమో. నేను చేసింది దొంగతనం. ఆపైన అబద్ధం. దానికి సామ్రాజ్యం అక్కర్లేదు.

ఎనభైలలో ఒకసారి ఖమ్మం వెళుతుంటే బస్సు మరిపెడలో ఆగింది. రోడ్డు పక్క ఛాయ్ హోటల్లో కూర్చున్నాను. గ్లాసు తెచ్చిపెట్టిన చెయ్యి కదలకుండా అక్కడే ఉండిపోయింది. తలెత్తి చూశాను. జుట్టు నెరిసింది. మెడ బోసిగా ఉంది.

“గుర్తువట్టిండ్రా సారూ? రాజవ్వను. మా తమ్ముని హోటలే ఇది.”

ఆమే చెప్పుకుపోయింది.

“అప్పుడు మిమ్ముల పంచాయితిల గుంజిన. తప్పయింది సారూ, మనసుల వెట్టుకోకుండ్రి. నా తలకాయ ఖరాబైంది అప్పుడు. అందరు అదే ముఖమంటాండ్రు, నేనొక్కదాన్నే కాదంటి. అసుంటి పెద్దోళ్ళు మీరు, మీరెందుకు అబద్ధం చెప్తరు? పుట్టింటికొచ్చినంక సోంచాయించుకున్న. నా కండ్లే నన్ను మోసం జేసినయి.” గ్లాసు నావైపు జరిపింది. “పిల్ల పెండ్లయిందంట. మీరు ఆ దిక్కు పోతాంటరా? ఎట్లున్నదో ఎరుకనా?”

తెలియదన్నాను. ఆ ఒక్కటీ నిజం.

అప్పుడు చెప్పాల్సింది. పక్కన ఎవరూ లేరు. డ్రైవరు ఇంకా తింటున్నాడు. నీ కళ్ళు మోసం చేయలేదు రాజవ్వా అనడానికి ఎంతసేపు పడుతుంది? నేను ఛాయ్ తాగాను. వేడిగా ఉంది. ఆమె డబ్బులు తీసుకోలేదు. మీరు మా ఊరి ఎండల తిరిగినోళ్ళు సారూ అంది. బస్సు కదిలాక చూస్తే, ఆమె పక్క బల్ల తుడుస్తోంది.

ఆ తర్వాత చాలా నెలలు నిద్ర సరిగ్గా పట్టలేదు. దయ్యం పట్టిందని ఊరు అంటే తట్టుకోవచ్చు. మొగుడు అంటే ఏడ్వచ్చు. తన చూపును తానే నమ్మకుండా పోవడం ఎలా ఉంటుంది? ఆ పని ఊరు చేయలేదు, అత్త చేయలేదు. నా చదువు మీద ఆమెకున్న గౌరవం చేసింది. చివరికి ఒకరోజు బిళ్ల జేబులో పెట్టుకుని మరిపెడ బస్సెక్కాను. హోటల్లో ఆమె తమ్ముడున్నాడు. రాజవ్వకు వానాకాలంలో కామెర్లొచ్చాయని, దవాఖానకు తీసుకుపోయేసరికి ఆలస్యమై ప్రాణం పోయిందని చెప్పాడు. మీరెవరు సారూ అని అడిగాడు. తెలిసినవాణ్ణన్నాను. చేతిని జేబులోనే ఉంచుకుని తిరిగొచ్చాను.

బిళ్ల ఇంకా నా దగ్గరే ఉంది. ఎల్లవ్వ కూతురు ఎక్కడో కాపురం చేసుకుంటూ ఉంటుంది. వెతికితే దొరుకుతుంది. వెతకలేదు. వెతకాలంటే, తనను పెంచిన తల్లిని పిచ్చిదని నమ్మి పెరిగిన ఆ పిల్ల కళ్ళలోకి చూడాలి. నన్ను క్షమించమని మిమ్మల్ని అడగడం లేదు, ఆ హక్కు మీకూ లేదు. ఉన్నదల్లా రాజవ్వకే, ఆమె పోయింది. నాకు కావలసింది ఇంతే, ఆ రోజు మంచాల ముందు కుర్చీలో కూర్చుని చెప్పాల్సిన జవాబు ఒక్కసారైనా ఒకరికి చెప్పడం.

ఒక్కటి కాదు. నేను తీసుకుపోయింది వేరు, తెచ్చిచ్చింది వేరు. రాజవ్వ తలకాయకు ఏమీ కాలేదు.