సాలీడు ముగ్గు వేయదు

పొద్దున్నే పెరటి తలుపు తీస్తే సాలెగూడు మొహానికి చుట్టుకుంది. తుడుచుకుంటూంటే ముందు మా వరహాలమ్మ పంతులమ్మగారు గుర్తొచ్చారు. ఆ వెనకే, ఎప్పటిలాగే, జైనబ్. ఆవిణ్ణి ఒక్కర్తినే తలుచుకునే అదృష్టం నాకింతవరకూ పట్టలేదు.

యుద్ధం రోజులు. అనకాపల్లిలో కాగితానికి కరువొచ్చి, మా ఆడపిల్లల బడిలో పాఠాలు పెరటి మట్టిలోనే సాగేవి. పంతులమ్మగారు తెల్లారగట్లే మమ్మల్ని రప్పించి, దానిమ్మ కొమ్మల మధ్య సాలీడు గూడు కట్టడం చూపించేవారు. అందరూ సాలీడుని చూస్తే, నేను ఆవిడ ఎవరిని చూసి నవ్వుతున్నారో చూసేదాన్ని. నవ్వు జైనబ్‌కే వెళ్ళేది. నులక మంచాలు అల్లే ఇంటి పిల్ల. నాకు కడుపు మండిపోయేది.

ఆ ఏడు పంతులమ్మల ట్రైనింగుకి ఒక్క పిల్ల పేరే పంపాలి. నా పేరు వెళ్ళకపోతే పెళ్ళే. ఇంట్లో అప్పటికే సంబంధాలు చూస్తున్నారు. పంతులమ్మగారు నాకూ జైనబ్‌కీ చెరో పుల్ల ఇచ్చి, "గూడెలా కడతాదో మొదట్నించీ గీసి చెప్పండే" అన్నారు.

ముగ్గుల్లో మా వీధిలో నాకు సాటి లేదు. నడిమధ్యని చుక్క పెట్టి, చుట్లు చుట్లుగా బయటికి లాక్కొచ్చాను. పిల్లలు "అబ్బ!" అన్నారు. జైనబ్ ముందు రెండు కొమ్మలు గీసింది.

"గాలికొదిలిన పోగు అవతలి కొమ్మకి అతుక్కుంటాదండి. దాని మీద నడిసి, సుట్టూ మంచానికున్నట్టు పట్టెలు కడతాది. తరవాత బండిచక్రం ఆకుల్లాగ నడిమద్దె నించి సుట్టూరా పోగులు. జిగురు పోగు ఆకర్న, బయట్నించి లోపలికి సుట్టుకొత్తాది."

"ఎలా తెలిసిందే?" అన్నారు పంతులమ్మగారు.

"పట్టెల్లేకుండా నులకెక్కడ అల్లుతామండీ?"

పంతులమ్మగారు నా వైపు తిరిగి, "ఏటే, సాలీడు గాల్లో కూకుని చుక్క పెడతాదేటే?" అన్నారు.

జైనబ్ పేరు వెళ్ళింది. పంతులమ్మగారే మా ఇంటికొచ్చి, మా నాన్నని ఒప్పించి, సంబంధాలు ఆపించి, మరుసటి ఏడు నన్నూ పంపారు. నా బతుకు నిలబెట్టిన మనిషి, కాదనను. కానీ రెండో బంతి భోజనం రెండో బంతిదే.

చాలా ఏళ్ళకి, చూపు పూర్తిగా పోయిందని తెలిసి ఆవిణ్ణి చూడ్డానికి వెళ్ళాను. నా క్లాసులో సాలీడు పాఠం ఎలా చెబుతానో మొదటి పోగు నించి జిగురు పోగు దాకా పూసగుచ్చినట్టు చెప్పాను. ఆవిడ మొహం వెలిగిపోయింది. నా చెయ్యి వెతికి పట్టుకున్నారు.

"ఎంత బాగా చెప్పేవే, జైనబూ!"

"అవునండి" అన్నాను.

ఆవిడ నోట అంత మెచ్చుకోలు నేనెన్నడూ వినలేదు. పరాయి సొమ్మని తెలిసే తెచ్చుకున్నాను. ఇప్పటికీ నా దగ్గరే ఉంది, ఇప్పటికీ మండుతూనే ఉంది.