సంపూర్ణమ్మ పెట్టిన గవ్వల విందు

విజయవాడలో ఒక మిషన్ ఆసుపత్రి వెనక పెంకుటి బంగళా ఉండేది. అందులో నర్సుల పెద్ద హెలెన్ దొరసాని ఒక్కతే ఉండేది. ఆమెకు వండిపెట్టే మనిషి సంపూర్ణమ్మ. కంకిపాడు పక్కన నాట్లు వేసి, కోతలు కోసి బతికే ఇంట్లో పుట్టింది. రైల్వే స్టేషన్లో మూటలు మోసే శౌరయ్యను చేసుకుని ఏలూరు కాలవ గట్టున క్రైస్తవుల పేటలో కాపురం పెట్టింది. బంగళాలో పనికి చేరేనాటికి ఆమెకు అన్నం, పప్పు, చేపల పులుసు తప్ప మరేమీ చేతకాదు. కానీ తెలియనిది తెలియదని చెప్పడానికి ఎప్పుడూ సిగ్గుపడలేదు, తెలిసేదాకా వదలనూ లేదు.

దొరసానిది అమెరికాలోని టెక్సాస్. ఏటా క్రిస్మస్‌కి వాళ్ళ అక్క పంపే పార్సిల్లో గోధుమపిండితో చేసి ఎండబెట్టిన గుల్లలు వచ్చేవి. ఒక్కొక్కటి కోడిగుడ్డంత ఉండేది. వాటిని నీళ్ళలో ఉడికించి, లోపల కైమా, ఉడికిన గింజలు, మిరపకారం, జీలకర్ర కలిపిన కూర కూరి, టొమాటో గుజ్జు పోసి, పైన చీజ్ తురిమి, బంగళాలోని ఇనప ఓవెన్లో కాల్చేవారు. ఆ గుల్లలు ఇటలీవాళ్ళవి, లోపలి కూర తమ పొరుగున ఉండే మెక్సికోవాళ్ళది, రెండూ కలిపింది తన అమ్మేనని దొరసాని చెప్పింది. సంపూర్ణమ్మ మొదటిసారి గుల్లను చేతిలోకి తీసుకుని అటూ ఇటూ తిప్పి చూసి, “ఇయ్యి మా గవ్వలే కదమ్మగారూ. మేం బెల్లప్పాకంలో వేస్తాం, మీరు కూర పెట్టారు,” అంది. అప్పటినుంచి బంగళాలో ఆ వంట పేరు గవ్వల కూర.

దొరసానికి కావలసిన గింజలు బజార్లో దొరక్కపోతే సంపూర్ణమ్మ బొబ్బర్లు వేసింది. ఆమె దేశంలో వేసే ఆకు లేకపోతే కుండీలో పెరిగే వామాకు తరిగి వేసింది. దొరసాని కిటికీలోంచి చూస్తూ మెల్లగా తింది. తర్వాత ఇంకో రెండు వడ్డించమంది.

డెబ్బై ఆరులో దొరసానికి ఇక్కడ ఉండే అనుమతిని ప్రభుత్వం మళ్ళీ పొడిగించలేదు. వెళ్ళిపోవాలి. ఆసుపత్రి కమిటీ కార్యదర్శి లాజరుగారు వీడ్కోలు సభ ఏర్పాట్లు నెత్తికెత్తుకున్నారు. లాజరుగారు కూడా ఒకప్పుడు ఆ కాలవ గట్టు పేటలో పుట్టినవారే. చదువుకుని, గవర్నర్‌పేటలో ఇల్లు తీసుకుని, మళ్ళీ పేటవైపు రావడం మానేశారు.

ఒక ఉదయం ఆయన బంగళా వంటింటి గుమ్మంలో నిలబడి, “సంపూర్ణమ్మా, సభరోజున భోజనాలు హోటలు నుంచి తెప్పిస్తన్నాం. పెద్దలు, డాక్టర్లు బల్లల దగ్గర కూర్చుంటారు. నువ్వు ప్లేట్లు చూసుకుంటే చాలు,” అన్నారు.

“దొరసానిగారికి చివరిసారి గవ్వలు నేను వండుతానండి.”

“ఈ ఏడు పార్సిల్ రాలేదుగా. ఎందుకులే. వంటింట్లో సామాను కూడా లెక్క చూసి అప్పజెప్పాలి. రేపటినుంచి తాళం వేయిస్తన్నా. దొరసానిగారికి వెళ్ళేదాకా హోటలు క్యారేజీ వస్తుంది.”

ఆయన అన్నట్టే మర్నాడు తాళం పడింది. సంపూర్ణమ్మ ఆ తాళాన్ని చూసి, తిన్నగా ఆసుపత్రి వార్డుకు నడిచి, రోగి మంచం పక్కన నిలబడ్డ దొరసాని దగ్గరికి వెళ్ళింది.

“అమ్మగారూ, సభకి ముందురోజు సాయంత్రం మా ఇంట్లో భోజనం. గవ్వల కూర. మీరు రావాలి.”

దొరసాని ఆశ్చర్యపోయింది. అన్నేళ్ళలో పేటలో ఎవరికైనా జబ్బు చేసినప్పుడు వెళ్ళిందే తప్ప, భోజనానికి ఆమెను ఎవరూ పిలవలేదు. పిలుద్దామన్నా కమిటీ పెద్దలు పడనివ్వలేదు.

“వస్తాను, సంపూర్ణా,” అంది తనదైన ముక్కుపలుకు తెలుగులో.

ఇంటికొచ్చి ఈ మాట చెబితే శౌరయ్య హడలిపోయాడు. “గుల్లలేయి? ఆ ఇనప పొయ్యి ఏదే? లాజరుగారికి తెలిస్తే పనిలోంచి తీసేస్తాడే.”

“తీసేస్తే తీసేయనీ. ఆమెకి ఇన్నేళ్ళు వండింది నేను. నా చేత్తో పెట్టకుండా ఎట్టా పంపుతానయ్యా?”

ఆమె మైదాపిండిలో గుడ్లు, ఉప్పు వేసి గట్టిగా పిసికి, తడిగుడ్డ కప్పి నాననిచ్చింది. పక్కింటి రూతు గవ్వల చెక్క తెచ్చింది గానీ దాని మీద చేస్తే చిటికెన వేలంత గవ్వలే వస్తున్నాయి. అప్పుడు సంపూర్ణమ్మ చేటను బోర్లించి, దాని వెనక పిండి ముద్దను అరచేత్తో అదిమి, బొటనవేలితో ముందుకు తోసి చుట్టింది. చేట అల్లిక గీతలు పడి, లోపల కూర పట్టేంత గుంటతో పెద్ద గవ్వ వచ్చింది. రూతు నవ్వి తనూ కూర్చుంది. కాసేపటికి ఎదురింటి ముసలి రావమ్మ కూడా చేట తెచ్చుకుంది. మంచం మీద పాత చీర పరిచి గవ్వలన్నీ నీడన ఆరబోశారు.

ఇక పొయ్యి. సంపూర్ణమ్మ ఇల్లంతా కలయచూసి, మూలనున్న ఇనప ట్రంకుపెట్టెలోంచి బట్టలన్నీ తీసి మంచం మీద కుప్పగా పోసింది.

“అది మన పెళ్ళినాటి పెట్టె,” అన్నాడు శౌరయ్య.

“నేనూ పెళ్ళినాటిదాన్నే. పనికొస్తన్నానా లేదా?”

శౌరయ్యే పెట్టెను పెరట్లోకి మోసుకెళ్ళి ఇటుకల మీద నిలబెట్టాడు. రంగు వాసన పోయేదాకా ఖాళీ పెట్టెను ఎర్రగా కాల్చారు. అడుగున ఇసుక పోశారు. కింద బొగ్గులు, మూత మీద బొగ్గులు. పరీక్షకని పెట్టిన మొదటి విడత గవ్వల అడుగు మాడి బొగ్గయింది, పైన పచ్చిగానే ఉంది. రావమ్మ పెదవి విరిచింది. సంపూర్ణమ్మ ఆ పళ్ళేన్ని పక్కకు నెట్టి, ఇసుక ఇంకాస్త పోసి, కింది బొగ్గులు సగం లాగి మూత మీదికి ఎక్కించింది. రెండో విడత సరిగ్గా వచ్చింది.

విందురోజు పొద్దున్నే గేదెపాలు నిమ్మకాయతో విరగ్గొట్టి, గుడ్డలో కట్టి, రాయి పెట్టింది. వేటమాంసం కత్తితో సన్నగా కొట్టి, వెల్లుల్లి, జీలకర్ర, మిరపకారం, బొబ్బర్లు, వామాకు వేసి దగ్గరగా వేయించింది. గవ్వలు ఉడకబెట్టి, ఒక్కొక్కదాంట్లో కూర కూరి, టొమాటో గుజ్జు పోసి, విరిగిన పాలముద్ద చిదిమి చల్లి, ఎర్రబడటానికి పైన మీగడ పూసింది. పెట్టె మూత తీసినప్పుడల్లా ఆ వాసన సందు చివరిదాకా పోయింది.

చీకటి పడకముందే శౌరయ్య స్నేహితుడి రిక్షాలో దొరసాని వచ్చింది. సందులో తాటాకు చాపలు పరిచి ఉన్నాయి. పేటవాళ్ళంతా వరసగా కూర్చున్నారు. సంపూర్ణమ్మ దొరసానికి కుర్చీ వేయలేదు. రావమ్మకూ రూతుకూ మధ్య చాప మీద చోటు చూపించింది. దొరసాని మోకాళ్ళు పట్టుకుని నెమ్మదిగా కూర్చుంది. సంపూర్ణమ్మ అందరికీ వడ్డించి, తన విస్తరాకు తెచ్చుకుని ఆమెకు ఎదురుగా కూర్చుంది. బంగళాలో దొరసాని ఎన్నిసార్లు బల్ల దగ్గరికి పిలిచినా, వచ్చిపోయే పెద్దలు చూస్తారని వంటింట్లోనే తిన్న మనిషి.

మొదటి ముద్ద నోట్లో పెట్టుకుని దొరసాని కళ్ళు మూసుకుంది.

“మా అమ్మది ఇంత కారం కాదు,” అంది.

“మాది ఇంతే అమ్మగారూ.”

“బాగుంది. ఇంకొకటి వెయ్యి.”

అప్పుడే సందు మొగలో ఆసుపత్రి జీపు ఆగింది. లాజరుగారు దిగి గబగబా వచ్చారు. చాప మీద దొరసానిని చూసి ఆయన ముఖం నల్లబడింది. ఆమెను ఏమీ అనలేక సంపూర్ణమ్మవైపు తిరిగారు.

“ఏంటమ్మా ఈ పని? ఆమెని ఈ మురుగు పక్కన కూర్చోబెట్టి, పాత పెట్టెలో కాల్చిందేదో పెడతావా? రేపు వాళ్ళ దేశం పోయి మన గురించి ఏం చెబుతుంది? మనం ఎట్టా కనపడతాం?”

సంపూర్ణమ్మ లేవలేదు. విస్తరాకు మీద చెయ్యి అలాగే ఉంచి తలెత్తింది.

“ఉన్నట్టే కనపడతామండి. మీ అమ్మగారు ఈ సందులోనే మీకు గంజి పోసి పెంచింది. ఆ మురుగు అప్పుడూ ఉంది. దాన్ని చూసి ఆమె సిగ్గుపడలా.”

“నీకు నోరెక్కువైంది. అమ్మా, లేవండి, జీపు తెచ్చాను,” అన్నారాయన దొరసానితో.

“భోజనం చేసేవాళ్ళని మధ్యలో లేపమాకండి,” అంది సంపూర్ణమ్మ. గొంతు పెంచలేదు. “తింటానంటే మీకూ ఆకు వేస్తా, కూర్చోండి. తినకపోతే అదుగో, అక్కడ నిలబడండి. ఆమె చెయ్యి కడుక్కున్నాకే లేస్తుంది.”

లాజరుగారు దొరసానివైపు చూశారు. ఆమె తల వంచుకుని మూడో గవ్వ విరుస్తోంది. “నా భోజనం కాలేదు లాజరుగారూ,” అంది. ఆయన వెనక్కి వెళ్ళి జీపులో కూర్చున్నారు. రూతు ఒక ఆకులో రెండు గవ్వలు పెట్టి ఆయనకు తీసుకెళ్ళింది. ఆయన అందుకోలేదు. రూతు ఆ ఆకును జీపు బానెట్ మీద పెట్టి తిరిగొచ్చింది. ఆ రాత్రి జీపు కదిలేటప్పుడు డ్రైవరు దిగి, ఆ ఆకు తీసుకుని తినేసి, చెయ్యి తుడుచుకుని మరీ బండెక్కాడు.

దొరసాని వెళ్ళిపోయిన వారంలోనే, బంగళాలో దిగిన కొత్త నర్సుల పెద్దకు వేరే వంటమనిషిని పెట్టారు. సంపూర్ణమ్మను రావద్దని గేటు దగ్గర కాపలా ఉండే అంతోని చేత చెప్పించారు. ఆ రోజు ఇంటికొచ్చి ఆమె కాసేపు ఏడ్చింది. అన్నేళ్ళు తోమిన గిన్నెలు, తను నాటిన వామాకు కుండీ కళ్ళ ముందు మెదిలాయి. సాయంత్రానికి లేచి మైదా పిసికింది.

ట్రంకుపెట్టెలో బన్నులు కాల్చి, బుట్టలో పెట్టుకుని ఆసుపత్రి గేటు ముందు కూర్చుంది. రోగుల బంధువులు ఎగబడి కొన్నారు. కమిటీవాళ్ళు అంతోనిని పంపితే, బుట్ట ఎత్తుకుని రోడ్డు దాటి అవతలి వైపు కూర్చుంది. మళ్ళీ పంపారు.

“ఈ రోడ్డు ఆసుపత్రిది కాదు, మున్సిపాలిటీది. ఆళ్ళని వచ్చి చెప్పమను,” అంది. అంతోని ఒక బన్ను తీసుకుని వెనక్కి వెళ్ళిపోయాడు. మున్సిపాలిటీవాళ్ళు ఎవరూ రాలేదు. ఏడాది తిరిగేసరికి ఆమె అక్కడే రేకుల కొట్టు వేసింది, శౌరయ్య మూటలు మోయడం మానేసి పొయ్యి దగ్గరికి చేరాడు.

గవ్వల సంగతి ఊళ్ళో పాకింది. గవర్నర్‌పేటలో ఒక హోటలు యజమాని బసవపున్నయ్య మనిషిని పంపించకుండా తానే వచ్చి, ఆ వంట తన హోటల్లో చెయ్యమన్నాడు.

“చేస్తానండి. వండినాక నేను ఎక్కడ కూర్చుని తింటాను?”

“అదేం ప్రశ్నమ్మా? వంటవాళ్ళు వెనక తింటారు.”

“అయితే రానండి. బన్నులు అమ్ముతాను, తీసుకెళ్ళండి. గవ్వలు మాత్రం నేను పిలిచినోళ్ళకే. అయి అమ్మను.”

ఆయన నవ్వుతూ బన్నులు కట్టించుకుని వెళ్ళాడు. సంపూర్ణమ్మ మూత మీద బొగ్గులు సర్దుకుని, తర్వాతి పళ్ళెం లోపలికి తోసింది.