మా మావగారిని నిజంగానే కొట్టాను

మా మావగారు పోయిన రోజు బంధువులకీ చర్చివాళ్ళకీ ఫోన్లు చేసే పని మా ఆయన తీసుకున్నారు. ఆటవాళ్ళకు చెప్పే పని నా మీద పడింది.

ఆటవాళ్ళంటే పేకాటవాళ్ళు కారు. సాయంత్రం ఐదింటికి ఎవరింట్లో వాళ్ళు కంప్యూటర్ ముందు కూర్చుని, ఇంటర్నెట్‌లో ఒకచోట చేరి, నలుగురు ఒకవైపు నలుగురు ఒకవైపుగా తుపాకులతో కాల్చుకునే ఆట మాది. డెబ్బై దాటిన మా మావగారు ఆ ఎనిమిది మందిలో ఒకరు. ఫోన్లో మా గ్రూపు తెరిచి "మావయ్య చనిపోయారు" అని రాశాను. యారాడలో బోటు ఇంజన్లు బాగుచేసే ఒకాయన వెంటనే జవాబిచ్చాడు. "ఎవులు కొట్టేరు బావని?"

ఆయన తప్పేమీ లేదు. ఆ గ్రూపులో ఎవరో ఒకరు చనిపోయారన్న కబురు రోజుకు పదిసార్లు వస్తుంది, చనిపోయినవాళ్ళు మూడు సెకన్లలో లేచి మళ్ళీ తుపాకి పట్టుకుంటారు. "ఆటలో కాదు, ఇంట్లో" అని రాయాల్సి వచ్చింది. కాసేపటికి ఫోన్ మోగింది. రెండేళ్ళుగా గొంతు తప్ప మొహం తెలియని మనిషి అవతల వెక్కి వెక్కి ఏడుస్తున్నాడు. వచ్చినవాళ్ళకి టీలు కాచడంలో పడి అప్పటిదాకా నాకు ఏడవడానికి తీరిక దొరకలేదు. వంటింట్లో గ్యాస్ కట్టేసి అప్పుడు ఏడ్చాను.

నేను భీమిలి పిల్లని. ఈ ఆట కాలేజీలో ఉండగా అంటుకుంది. ఎక్కడో ఇద్దరు స్నేహితులు ఒక గదిలో కూర్చుని తయారు చేసిన చిన్న ఆట. ఇనుప గోడలు, ఇనుప మెట్లు, నడిమధ్యలో ఒక నిప్పుల గుంట, అంతే. పెద్ద కంపెనీల ఆటల్లా ఇందులో లక్షలమంది ఉండరు. ఎనిమిది మంది చేరితేగాని మ్యాచ్ మొదలవదు. ఎన్నోసార్లు ఏడుగురం చేరి, ఎనిమిదో మనిషి కోసం పెళ్ళివారి బస్సు కోసం చూసినట్టు చూసేవాళ్ళం.

పెళ్ళయి సీతమ్మధార వచ్చాక ఈ సంగతి అత్తవారింట్లో చెప్పలేదు. ఎలా చెప్తాను? కోడలు రోజూ సాయంత్రం ఓ ఏడుగురు మగవాళ్ళతో కలిసి తుపాకులు పేలుస్తుందని ఏ పెళ్ళిచూపుల్లో చెప్పుకుంటాం? ఎలాగూ ఇంటి నుంచే ఉద్యోగం కనుక ఐదింటికి ఆఫీసు మీటింగ్ అని తలుపు వేసుకునేదాన్ని. మూడు నెలలు బాగానే గడిచింది. ఒకరోజు తలుపు సరిగ్గా పడలేదు. "నీ వెనకే ఉన్నాడు, వేసెయ్, వేసెయ్" అని నేను అరుస్తుంటే గుమ్మంలో మా మావగారు నిలబడి ఉన్నారు.

"మీ ఆఫీసులో మీటింగంటే ఇలగ కొట్టుకుంటారేటమ్మా?"

ఆయన ఎదుట నేను అప్పటిదాకా కుర్చీలో కూర్చున్నది లేదు. గబుక్కున లేచి నిలబడ్డాను. ఆయన మాత్రం నన్ను చూడడం లేదు, నా భుజం మీదుగా తెరవైపు చూస్తున్నారు. "కూకో, కూకో. ఆడు నిన్ను కొట్టేత్తన్నాడు" అన్నారు.

మర్నాడు ఐదింటికి ఆయనే ఒక ప్లాస్టిక్ కుర్చీ తెచ్చుకుని నా వెనక వేసుకున్నారు. వారం రోజులు ఒక్క మాట మాట్లాడకుండా చూశారు. ఆ ఆదివారం చర్చి నుంచి వచ్చి భోంచేశాక, ఏడుగురమే చేరి ఎదురుచూస్తుంటే, ఆ ఎనిమిదో మనిషిగా తాను పనికిరానా అని అడిగారు. మా ఆయన పాత ల్యాప్‌టాప్ ముందుగదిలో టీవీ పక్కన పెట్టి, చెవులకి హెడ్‌ఫోన్ తగిలించి, నేనే ఆయన్ని మొదటి మ్యాచ్‌లో చేర్చాను. ఎవరికైనా అక్షరాభ్యాసం చేయించడం నా జీవితంలో అదే మొదలు.

చేరగానే ఆయన చేసిన పని, ఆ తర్వాత రెండేళ్ళూ చేసిన పని, ఒకటే. అందరికీ వందనాలు చెప్పడం. చర్చిలో సంఘపెద్ద కదా, నలుగురు చేరిన చోటికి వెళ్తే పలకరించకుండా కూర్చోవడం ఆయనకి చేతకాదు. ఒక్కొక్కరి పేరూ చదువుకుని, భోజనాలయ్యాయా అని అడిగి, ఇంట్లో అందరూ కులాసానా అని విచారించేవారు. అది పూర్తయ్యేలోపు సగటున నాలుగుసార్లు చచ్చిపోయేవారు. లేచి, ఆగిన చోటి నుంచి మళ్ళీ పలకరింపులు మొదలు. ఎక్కడో ఇండోనేషియాలో ఉన్న ఒక ఆటగాడు ఇది ఈ ఆటలో నియమం కాబోలు అనుకున్నాడు. ఇప్పటికీ ఏ మ్యాచ్‌లో చేరినా ఇంగ్లీషు అక్షరాల్లో వందనాలు అని కొట్టిగాని తుపాకి తీయడు. చెప్పకుండా మ్యాచ్ వదిలి పోయేవాళ్ళంటే మావగారికి ఒళ్ళుమంట. "సెప్పకుండా పోడమేటి? ఇంటికొచ్చినోడు అలగే లేసి పోతాడేటి?" అనేవారు.

ఆట అంటే మా అత్తగారికి మొదటి నుంచీ గిట్టదు. చచ్చి లేవడం ఏసుప్రభువుకి చెల్లిందిగాని, ఇలా బనియన్ వేసుకుని కూర్చున్నవాళ్ళకి కాదనేవారు. మావగారు నవ్వి, ప్రభువు మూడు దినాలు ఆగాడు, తాను మూడు సెకన్లే ఆగుతున్నాను గనక పోటీ ఏమీ లేదనేవారు. దానికి ఆవిడ రెండ్రోజులు మాట్లాడలేదు.

ఆయన ఉద్యోగం గురించి చెప్పాలి. ముప్పై ఏళ్ళు ఉక్కు ఫ్యాక్టరీ ల్యాబులో పనిచేశారు. ఉక్కు కడ్డీ ఎంత గట్టిదో తేల్చడానికి, దాన్ని రెండు కొసలా బిగించి తెగేదాకా లాగే యంత్రం ఒకటుంటుంది. తెగినప్పుడు తుపాకి పేలినట్టు చప్పుడవుతుందట. ఆ చప్పుళ్ళకి ఎడమ చెవి కాస్త మందగించింది. అందుకే మైకులో అంత గట్టిగా మాట్లాడేవారు, మా వీధి చివరి మందులషాపు అతనికి కూడా ఆ రోజు స్కోరు తెలిసిపోయేది. ఆటలో చచ్చిన ప్రతిసారీ ఒక నోటుపుస్తకంలో రాసుకునేవారు. "ఎడమ మెట్లు. వెనక చూసుకోలేదు." "నిప్పుల గుంట. నా తొందర." "కోడలు."

ఆ కోడలు అన్న మాట రాయించుకోవడానికి నాకు నెల పట్టింది. ఆయన అవతలి జట్టులో పడితే నాకు చెయ్యి వచ్చేది కాదు. ఎదురుపడితే పక్కకు తిరిగి గోడను కాల్చేదాన్ని. కోడలు మావగారి మీద తుపాకి ఎత్తడం ఎక్కడా లేదని అత్తగారు తీర్మానం చేశారు. మావగారు ఒకరోజు నన్ను పిలిచి, చాలా మెల్లిగా చెప్పారు. "తెగిన కడ్డీయే నిజం సెప్తాదమ్మా. నువ్వు గోడని కొడితే నాకేటి తెలుస్తాది?" ఆ సాయంత్రం ఆయన్ని తొమ్మిదిసార్లు కొట్టాను. ఆయన ఆ పేజీ అంతా అత్తగారికి చదివి వినిపించారు.

పోయినేడాది ఆయన గుండెకి ఆపరేషన్ అయింది. ఇంటికొచ్చిన రెండు నెలలకి, మళ్ళీ ఆడతానన్నారు. మా ఆయన ఒక షరతు పెట్టారు. ఆడితే ఆడనీ, ఓడిపోకూడదు, ఓడితే బీపీ పెరుగుతుంది. నిజానికి డాక్టరు చెప్పింది ఉప్పు తగ్గించమని, మెట్లు మెల్లిగా ఎక్కమని. ఓటమి గురించి ఆయన ఏమీ అనలేదు. కానీ ఆపరేషన్ గది బయట బెంచీ మీద కూర్చుని వచ్చిన వాళ్ళం, నాకూ భయంగానే ఉంది. గ్రూపులో అందరికీ విడివిడిగా రాశాను, మావయ్యని కాస్త చూసి ఆడండి అని. అందరూ ఒప్పుకున్నారు. ఇండోనేషియా ఆయన చేతులు జోడించిన బొమ్మ పెట్టాడు.

కావాలని ఓడిపోవడం కూడా ఒక విద్యే. అది మాలో ఎవరికీ రాదని త్వరలోనే తేలిపోయింది. యారాడాయన ఒకే మ్యాచ్‌లో మూడుసార్లు తనంతట తాను నిప్పుల గుంటలో దూకి, మూడుసార్లూ "కాలు జారింది బావా" అన్నాడు. ఇండోనేషియా ఆయన మావగారికి ఎదురుపడగానే తుపాకి కింద పడేసి నిలబడేవాడు. నేనయితే ఆయన చుట్టూ ఉన్న గోడలన్నీ చిల్లులు పొడిచాను. మొదటి రోజు అవతలివాళ్ళని ముప్పైసార్లు కొట్టి, ఒక్కసారీ చావకుండా గెలిచి, మావగారు పొంగిపోయారు. రెండోరోజు కూడా సంతోషించారు. మూడోరోజు నుంచి ఆయన మైకులో మాట తగ్గింది.

ఒక శనివారం మ్యాచ్ మధ్యలో ఆయన బొమ్మ కదలడం మానేసింది. నడివీధిలాంటి చోట, నిప్పుల గుంట పక్కన, తుపాకి దించుకుని ఊరికే నిలబడిపోయింది. నెట్ పోయిందేమో అనుకున్నాను. అయిదు నిమిషాలు గడిచాయి. మా వైపు వాళ్ళూ అవతలి వాళ్ళూ ఆయన్ని చుట్టుకుని పోతున్నారు, రోడ్డు మధ్యలో పడుకున్న ఆవుని తప్పించుకుపోయే ఆటోల్లాగ. లేచి ముందుగదిలోకి వెళ్ళాను. మావగారు కళ్ళజోడు నుదుటి మీదకి నెట్టుకుని, కుర్చీలో వెనక్కి వాలి, మజ్జిగ తాగుతూ ఆ తమాషా అంతా చూస్తున్నారు.

నా వైపు తిరక్కుండానే అన్నారు. "ఎంత లాగినా కడ్డీ తెగలేదనుకో, ల్యాబులో మేం ఏటి సేసేవోళ్ళమో తెలుసా? కడ్డీ గట్టిదని రాసేవోళ్ళం కాదమ్మా. మిషన్ పాడైపోయిందని ఆపేసేవోళ్ళం." మైకు దగ్గరికి వంగి అందరికీ వందనాలు చెప్పి, ల్యాప్‌టాప్ మూసేశారు.

నాలుగు రోజులు దాని వైపు చూడలేదు. పొద్దున్న చదివిన పేపరే సాయంత్రం మళ్ళీ చదివేవారు. విశ్రాంతి దొరుకుతోందని మా ఆయన సంతోషించారు. విశ్రాంతిగా ఉన్న మనిషి అలా ఉండడని నాకు తెలుస్తూనే ఉంది. నాలుగోరోజు ఐదింటికి వరండాలో ఆయన పక్కన కూర్చుని, తప్పయిపోయింది మావయ్యా, కోపం వచ్చిందా అని అడిగాను.

"కోపం లేదమ్మా. భయమేత్తంది," అన్నారు. "ఆటలో నన్ను సావనివ్వడం లేదంటే, బయట సచ్చిపోతన్నానని మీకందరికీ రూఢీ అయిపోయిందన్నమాట. అద్దంలో సూసుకుంటే బాగానే ఉన్నాను. మీ మొకాలు సూత్తేనే భయమేత్తంది."

ఆయన ఆరోగ్యం కాపాడుతున్నామని అనుకుంటూ మేం చేస్తున్న పని అదన్నమాట. రేపు నేను కొడతానని చెప్పాను. నిజంగానా అని అడిగారు. నిజంగానే అన్నాను. "మీ ఆయనకి సెప్పీ," అన్నారు, మొహంలో అప్పుడే వెలుగు వచ్చేసింది.

మా ఆయనకి చెప్పడం అంత సులువుగా జరగలేదు. ఆ గొడవ ఇక్కడ రాయను. చివరికి బీపీ మిషన్ పట్టీ మావగారి ఎడమచేతికి కట్టి ఉంచాలన్న ఒప్పందం మీద సరే అన్నారు. నేనూ మావగారూ ఇద్దరమే, ఆటలోని ప్రాక్టీసు గదిలో, పదిహేను ప్రాణాల ఆట. మా ఆయన మావగారి కుర్చీ వెనక నిలబడ్డారు. అత్తగారు లోపల గదిలో మోకరించి, ఈ పిల్ల గురి తప్పించు ప్రభువా అని అందరికీ వినబడేలా ప్రార్థన చేస్తున్నారు. ఆ ప్రార్థన ఆలకించబడలేదు. నాకు పదిహేను, ఆయనకి రెండు. ముగిశాక ముందుగదిలోకి వెళ్తే ఆయన అప్పటికే నోటుపుస్తకం తీసి కూర్చున్నారు. ఆ రెండూ నువ్విచ్చినవి కావు కదా అని అడిగారు. కావన్నాను, రెండోది నేను నిజంగానే చూసుకోలేదు. తలూపి, రెండూ సంతకం పెట్టినంత జాగ్రత్తగా రాసుకున్నారు. బీపీ కొంచెం పెరిగింది. పనిలో పనిగా మా ఆయనది కూడా చూస్తే అంతకన్నా ఎక్కువుంది. ఆ పూట నుంచి ఇంట్లో ఉప్పు ఇద్దరికీ తగ్గించాం.

గ్రూపులో కూడా రాశాను, ఇక ఎవరూ దయ చూపించొద్దని. "బతికించేవ్ సెల్లీ, ఆ నిప్పుల్లో దూకలేక సచ్చిపోతన్నాను" అని యారాడాయన రాశాడు.

ఆ తర్వాత ఏడు నెలలు ఆయన మాతో ఉన్నారు. గొప్ప ఆటగాడయ్యారని రాయడం నాకిష్టం లేదు, ఆయనకీ ఇష్టం ఉండదు. మూడు చావులకి ఒకణ్ణి కొట్టేవారు. పలకరింపులు మానలేదు. ఆ మంగళవారం మధ్యాహ్నం భోంచేసి పడుకున్నారు, నాలుగున్నరకి టీ ఇద్దామని వెళ్తే లేవలేదు. చెప్పకుండా పోవడమేమిటని అందర్నీ తిట్టిన మనిషి చెప్పకుండానే పోయారు. నాకు దాని మీద ఇంకా కోపంగానే ఉంది.

సమాధుల దొడ్డి దగ్గరకి యారాడాయన వచ్చాడు. గొంతును బట్టి ఆరడుగుల మనిషిని ఊహించుకున్నాను, నా భుజం దాకా ఉన్నాడు. హిందువు, చర్చికి వెళ్ళిన అలవాటు లేదు. నేరుగా పాస్టరుగారి దగ్గరికి వెళ్ళి, వందనాలయ్యగారూ, భోజనాలయ్యాయా అన్నాడు. అత్తగారు అంత ఏడుపులోనూ తలెత్తి చూసి, ఈయన మన వాళ్ళ మనిషే అన్నారు.

ఆయన పోవడానికి ముందురోజు, సోమవారం, మేం ఆడాం. నేనూ ఆయనా ఎదురు జట్లు. చివరి నిమిషంలో ఇనుప మెట్ల పైన ఒక మూలకి నక్కి ఉన్నారు. ఆయనకి ప్రాణం కొంచెమే మిగిలి ఉంది. హెడ్‌ఫోన్‌లో ఆయన ఆయాసం వినబడుతోంది, ఆ రోజు మామూలుకంటే ఎక్కువగా ఉంది. నా వేలు ఆగింది. పక్కకి తిప్పేద్దామా అని ఒక్కసారి అనిపించింది, దాచుకోవడం దేనికి. తిప్పలేదు. కొట్టాను. కింద పడ్డారు.

ముందుగదిలోంచి నవ్వు వినబడింది. పొట్ట పట్టుకుని నవ్వే పెద్ద నవ్వు. అది గోడ దాటి వచ్చేసి, ఆగిపోయింది. ఆ తర్వాత, ఇంటర్నెట్‌లో ఏ దేశం చుట్టి వచ్చిందో గాని, అదే నవ్వు ఒక క్షణం ఆలస్యంగా హెడ్‌ఫోన్‌లోంచి నా చెవిలో మళ్ళీ మొదలయింది.