రాఖీ మరునాడు బడికి వెళ్లాను

మా మనవరాలు మంచం మీద వదిలేసిన జపాను బొమ్మల పుస్తకానికి కొత్త కాగితం వాసన ఇంకా పోలేదు. అందులో బడి చివరి ఏడాది చదివే ఒక పిల్ల, ఒక పిల్లవాడు. చివరిదాకా తిరగేసినా ఒకరి చెయ్యి ఒకరు తాకరు. వాళ్లను ఎవరూ నలుగురి ముందు నిలబెట్టరు. ఆ అదృష్టం చూసి నాకు ఒళ్లు మండింది.

మా పదో తరగతి గది రెజిమెంటల్ బజార్ వెనక, పెంకుల కప్పు కింద, వాన పడితే తడిసిన సున్నం వాసనా టిఫిను డబ్బాల్లోని మామిడికాయ తొక్కు వాసనా కలిసి కొట్టే గది. రెండేళ్లుగా నా ముందు బెంచీలోనే ఎస్తేరు, రాజమండ్రి నుంచి వచ్చిన రైల్వే గుమస్తాగారమ్మాయి. క్రిస్మస్‌కు ఆమె పొట్లం కట్టి తెచ్చే, నూనెలో వేయించిన గులాబీ పువ్వులు నోట్లో కరకరలాడి కరిగిపోయేవి. సంక్రాంతికి మా అమ్మ చుట్టిన సకినాలు నేను పట్టుకెళ్లేవాణ్ణి. నా పెన్నులో ఇంకు అయిపోతే ఎస్తేరు వెనక్కి తిరిగి, తన పాళీ నుంచి చుక్క చుక్కగా వదిలేది. అంతే మా సంగతి. దానికో పేరుంటుందని మాకు తెలియదు.

రాఖీ పున్నమి మరునాడు మగపిల్లలు సగం మంది బడి ఎగ్గొట్టేవారు, అమ్మాయిలు కట్టేస్తారని. "అరే, జల్ది ఇంటికి ఉరుకు! చెల్లెండ్లు లైన్ల నిలవడ్డరు," అని గేటు దగ్గరే మా తరగతి యాదగిరి వెక్కిరించాడు. ఎస్తేరు వాళ్లు కిరస్తానీలు, రాఖీ కట్టరు కదా అన్న ధైర్యంతో నేను లోపలికి వెళ్లాను.

ఇంకు చుక్కలు లెక్కల సారు కంటపడ్డాయట. ఇద్దరినీ బోర్డు ముందుకు పిలిచి ఆమె చేతిలో రాఖీ పెట్టాడు.

"మా ఇంట్లో కట్టరండి సార్."

"ఏందీ, ఎదురు జెప్తున్నవ్? గిట్లనన్న ఇద్దరికి బుద్ధొస్తది. కట్టు!"

ఎస్తేరు నన్ను చూసింది. తర్వాత, నా వైపు బెత్తం చాచిన సారు మణికట్టుకే ఆ రాఖీ కట్టేసింది.

"అయితే మీకే కడతానండి."

గది గొల్లుమంది. మరుక్షణం ఆ బెత్తం ఆమె అరచేతుల మీద పడింది. ఆ వారంలోనే వాళ్ల నాన్న ఆమెను బడి మాన్పించి రాజమండ్రి హాస్టలుకు పంపేశాడు. నేను మళ్లీ ఆ గడప తొక్కలేదు. నాయిన కుట్టు మిషను పక్కన కూర్చుని, దొరికిన పాత పేపరల్లా చదువుకున్నాను.

"తప్పు చెయ్యనోడివి, బడెందుకు బంద్ జేసినవ్ రా?" అని నాయిన అడిగితే, "ఏం చెయ్యలె గనకనే," అన్నాను.

ఇప్పుడక్కడ నాలుగంతస్తుల బట్టల దుకాణం. పెంకులు లేవు, యాదగిరి లేడు, సారు ఏనాడో పోయాడు. ఎస్తేరు ముఖం ఎంత తలుచుకున్నా కళ్లకు కట్టడం లేదు. సారు ముఖం మాత్రం, మీసాల కింది ఆ నవ్వుతో సహా, నిన్న చూసినట్టుంది. ఎవరిని మరిచిపోవాలి నేను, ఎవరిని మరిచిపోయాను!